అనుమానానికి తావులేని తీపి: మన వంటింట నిమ్మ మెరాంగ్ కేకు

బడిలో తోటి విద్యార్థి పంచిపెట్టిన కేకు ముక్కను కాగితంలో చుట్టి తెచ్చుకున్న పిల్లవాడు తల్లి ముఖంలోకి చూసి అడిగే ప్రశ్న ఒకటుంది: "అమ్మీ, ఇది మనం తినవచ్చా?" ఈ ప్రశ్న మన ఇళ్లకు కొత్తది కాదు. దానికి రెండు సులభమైన జవాబులున్నాయి. "ఏం కాదులే, తిను" అన్నది ఒకటి. "వద్దు, పక్కన పెట్టు" అన్నది రెండవది. మొదటిది పరిశీలన లేని నమ్మకం. రెండవది పరిశీలన లేని అనుమానం. రెండింటిలోనూ ఆ ముక్కలో ఏముందో తెలుసుకొనే ప్రయత్నం మాత్రం లేదు.

మూడవ జవాబు ఒకటుంది. ఆ కేకులో ఏయే పదార్థాలు పడతాయో, అవి ఎక్కడి నుండి వస్తాయో, వాటి స్థానంలో మన వంటింట ఏమి ఉన్నదో తెలుసుకొని, అదే తీపిని మన చేతులతో తయారుచేసి పిల్లల ముందు పెట్టడం. ఇది శ్రమతో కూడిన జవాబే. కాని పిల్లవాడి మనస్సులో "మనకు అన్నీ వద్దే" అనే భావం నాటుకోకుండా కాపాడేది ఇదొక్కటే. అందుకే ఈ నెల నిమ్మ మెరాంగ్ కేకును ఎంచుకున్నాము. అడుగున నిమ్మ వాసన గల కేకు, దానిపై పుల్లని నిమ్మ కస్టర్డ్, ఆపైన మబ్బులా తేలికైన గుడ్డు తెల్లసొన నురుగు, అన్నిటికన్నా పైన తాజా పండ్లు. చూపుకు ఇది పెద్ద నగరపు బేకరీ అద్దాల వెనుక ఉండవలసిన వస్తువులా కనిపిస్తుంది. నిజానికి తిరువూరు వంటి పట్టణంలో, ఓవెన్ లేని వంటింట కూడా దీనిని చేయవచ్చు.

సందేహం ఎక్కడ పుడుతుంది?

బజారులో దొరికే కేకుల విషయంలో సందేహం సాధారణంగా నాలుగు పదార్థాల దగ్గర తలెత్తుతుంది. వాటిని ఒక్కొక్కటిగా చూద్దాము.

మొదటిది సువాసన. గుడ్డు నీచు వాసన తెలియకుండా కేకులో వెనిలా వేస్తారు. అసలైన వెనిలా సారాన్ని వెనిలా కాయల నుండి ఆల్కహాలు సాయంతో తీస్తారు. అమెరికా నిబంధనల ప్రకారం వెనిలా సారం అనే పేరుతో అమ్మే దానిలో ఆల్కహాలు కనీసం 35 శాతం ఉండాలి. మన కిరాణా కొట్లలో దొరికే చిన్న సీసాలలోని ఎసెన్సు చాలావరకు కృత్రిమమైనది. కొన్నిటిలో ఆల్కహాలు ఉంటుంది, కొన్నిటిలో ఉండదు. కనుక సీసా మీద రాసి ఉన్నది చదవక తప్పదు.

రెండవది జెలటిన్. క్రీము నిలబడటానికి, పండ్ల మీద మెరుపు పూతకు, మెత్తని మార్ష్‌మాలోకు దీనిని వాడతారు. ఇది జంతువుల ఎముకల నుండి, చర్మాల నుండి తీసే పదార్థం. ఏ జంతువు, ఎలా జబహ్ చేయబడింది అన్నది పొట్లం మీద చాలాసార్లు తెలియదు.

మూడవది క్రీమ్ ఆఫ్ టార్టార్. తెల్లసొన నురుగు చెదరకుండా ఉండటానికి చాలా విదేశీ వంట పుస్తకాలు దీనిని సూచిస్తాయి. ఇది ద్రాక్షసారాయి తయారయ్యే పీపాల గోడలకు స్ఫటికాలుగా పేరుకొనే లవణం. శుద్ధి చేసిన తర్వాత దాని స్థితి ఏమిటన్న దానిపై పండితుల వివరణలు ఉన్నాయి. ఆ చర్చలోకి మేము వెళ్లడం లేదు. విశ్వసనీయులైన ఆలిములను అడిగి తెలుసుకోవడం మేలు.

నాలుగవది ఎరుపు రంగు. విదేశీ మిఠాయిల పొట్లాల మీద ఇ120 అని కనిపిస్తే అది కార్మైన్ అనే రంగు. కాక్టస్ మొక్కల మీద బతికే ఒక చిన్న పురుగును ఎండబెట్టి దీనిని తీస్తారు.

ఇక్కడ ఒక మాట తప్పక చెప్పాలి. పొట్లం మీద ఆకుపచ్చ గుర్తు ఉంటే చాలునని మనలో పలువురు భావిస్తారు. ఆ గుర్తు శాకాహారమా కాదా అన్నది మాత్రమే తెలుపుతుంది. జెలటిన్, కార్మైన్ విషయంలో అది ఉపయోగపడుతుంది గాని, ఆల్కహాలు గురించి అది ఏమీ చెప్పదు. అలాగే మాంసాహారపు గుర్తు ఉన్నంత మాత్రాన ఆ పదార్థం నిషిద్ధమనీ కాదు.

నాలుగు సందేహాలకు నాలుగు బదుళ్లు

ఈ కేకును ప్రత్యేకంగా ఎంచుకోవడానికి కారణం ఇదే: పై నాలుగింటిలో ఏ ఒక్కటీ దీనికి అవసరం లేదు. వెనిలా చేసే పని నిమ్మ తొక్కులోని నూనె చేస్తుంది. జెలటిన్ చేసే పని గుడ్డు చేస్తుంది. క్రీమ్ ఆఫ్ టార్టార్ చేసే పని అర చెంచా నిమ్మరసం చేస్తుంది. రంగు సీసా చేసే పని నేరేడు పండు చేస్తుంది. ఇవి లేక సర్దుకోవడానికి పెట్టిన నాసిరకపు మార్పులు కావు. ఈ వంటకానికి సహజంగా ఒదిగే పదార్థాలే ఇవి.

కాగ్జీ నిమ్మ కథ

విదేశీ పుస్తకాలలో ఈ కేకుకు చెప్పే నిమ్మ వేరు, మన నిమ్మ వేరు. వారిది పెద్దగా, మందపు తొక్కుతో, పసుపు రంగులో కోలగా ఉంటుంది. మన పెరట్లో కాసేది గుండ్రని చిన్న నిమ్మ. దానికి కాగ్జీ నిమ్మ అని పేరు. కాగజ్ అంటే కాగితం. కాగితమంత పలుచని తొక్కు గనుక ఆ పేరు. నెల్లూరు ప్రాంతంలోని గూడూరు, గుంటూరు ప్రాంతంలోని తెనాలి, గోదావరి దిక్కున ఏలూరు ఈ నిమ్మ వ్యాపారానికి ప్రసిద్ధి చెందిన చోట్లు. తిరువూరు మార్కెట్టు మామిడికి పేరుపడ్డ నూజివీడు ప్రాంతానికి ఇరుగుపొరుగుది అయినా, నిమ్మకు మాత్రం ఇక్కడ ఎన్నడూ కొదువ లేదు.

నిమ్మ, నారింజల ప్రయాణం తెలుసుకోదగినది. ఈ జాతి పండ్ల పుట్టిల్లు ఈశాన్య భారతం, దాని చుట్టుపక్కల దేశాలు. అక్కడి నుండి ఇవి పారసీక దేశం మీదుగా అరబ్బు ప్రాంతాలకు చేరాయి. మన భాషలలోని నారంగ, పారసీకంలో నారంగ్ అయింది. అరబీలో నారంజ్ అయింది. స్పెయిన్‌లో నరంఖా అయింది. చివరకు ఇంగ్లీషులో ఆరెంజ్ అయింది. అరబీ లైమూన్ నుండే లెమన్ అనే మాట పుట్టింది. సంస్కృతపు శర్కర కూడా అరబీలో సుక్కర్‌గా మారి యూరపుకు వెళ్లింది. 12వ శతాబ్దంలో సెవిల్ నగరానికి చెందిన ఇబ్నుల్ అవ్వామ్ తన వ్యవసాయ గ్రంథంలో ఈ జాతి చెట్ల పెంపకాన్ని వివరించాడు. అదే శతాబ్దంలో సుల్తాన్ సలాహుద్దీన్ అయ్యూబీ ఆస్థాన వైద్యుడైన ఇబ్ను జుమై నిమ్మ గుణాల మీద ఒక ప్రత్యేక గ్రంథమే రాశాడు. పాశ్చాత్యమని మనం భావించే ఈ కేకులోని పులుపూ, తీపీ మన దిక్కు నుండి అరబ్బు వర్తకుల, రైతుల చేతుల మీదుగా వెళ్లినవేనన్న మాట.

మన నిమ్మ ఆ పెద్ద నిమ్మ కన్నా పుల్లన. పరిమాణంలో చిన్నది కనుక ఒక కాయ నుండి 15 నుండి 20 మిల్లీలీటర్ల రసమే వస్తుంది. విదేశీ పుస్తకం రెండు కాయలు అంటే మనం నాలుగైదు తీసుకోవాలి. తొక్కు పలుచన గనుక తురిమేటప్పుడు చేయి తేలికగా ఉండాలి. పైపొరలోని చిన్న చిన్న తిత్తులలో సువాసన నూనె ఉంటుంది. దాని కింది తెల్లపొర చేదు. తెలుపు కనిపించగానే కాయను తిప్పివేయాలి.

వానకాలపు జోడీ

బెర్రీ పండ్లు అనగానే మనకు స్ట్రాబెర్రీలు గుర్తుకు వస్తాయి. అవి ఇప్పుడు మన రాష్ట్రంలోనూ పండుతున్నాయి; విశాఖ మన్యంలోని లంబసింగి చలి వాటికి అనుకూలించింది. శీతకాలంలో విజయవాడ వెళ్లినవారు తెచ్చుకోవచ్చు. తిరువూరుకు విజయవాడ సుమారు 70 కిలోమీటర్లు. మెత్తని ఆ పండు బస్సు ప్రయాణంలో నలగకుండా వస్తే అదృష్టమే.

అయితే వృక్షశాస్త్రం ప్రకారం స్ట్రాబెర్రీ అసలు బెర్రీయే కాదు. ఒకే పువ్వు అండాశయం నుండి పుట్టి, గుజ్జుగా ఉండే పండునే ఆ శాస్త్రం బెర్రీ అంటుంది. ఆ లెక్కన నేరేడు బెర్రీ, ద్రాక్ష బెర్రీ, వాక్కాయ బెర్రీ. ఆశ్చర్యకరంగా నిమ్మ, బత్తాయి కూడా ఆ వర్గంలోని ఒక ప్రత్యేక రకమే. కనుక బెర్రీలు లేవని తిరువూరు గృహిణి చింతించవలసిన పని లేదు.

ఋతువును గమనిస్తే మరొక సంగతి తెలుస్తుంది. ఎండాకాలంలో షర్బత్‌లకు గిరాకీ పెరిగి నిమ్మ ధర ఆకాశాన్ని అంటుతుంది. తొలకరి పడ్డాక కాపు పెరిగి ధర దిగుతుంది. సరిగ్గా ఆ జూన్, జూలై నెలలలోనే నేరేడు పండ్ల గంపలు వీధుల్లోకి వస్తాయి. నిమ్మ చవక, నేరేడు తాజా. ఈ కేకుకు మన ప్రాంతంలో అసలైన కాలం అదే. మిగతా నెలలలో నల్ల ద్రాక్ష గాని, దానిమ్మ గింజలు గాని ఆ స్థానాన్ని చక్కగా నింపుతాయి.

కావలసిన పదార్థాలు

ఏడంగుళాల గుండ్రని గిన్నెకు, ఎనిమిది మందికి సరిపడే కొలతలు ఇవి.

కేకుకు: మైదా 125 గ్రాములు, చక్కెర 100 గ్రాములు, మెత్తబడిన వెన్న 100 గ్రాములు, గుడ్లు 2, గట్టి పెరుగు 3 పెద్ద చెంచాలు, బేకింగ్ పౌడరు 1 చిన్న చెంచా, మూడు నిమ్మకాయల తొక్కు తురుము, చిటికెడు ఉప్పు.

కస్టర్డ్‌కు: 3 గుడ్ల పచ్చసొన, చక్కెర 75 గ్రాములు, నిమ్మరసం 60 మిల్లీలీటర్లు, వెన్న 40 గ్రాములు.

మెరాంగ్‌కు: అదే 3 గుడ్ల తెల్లసొన, చక్కెర 150 గ్రాములు, నిమ్మరసం అర చిన్న చెంచా.

పైన అమర్చడానికి: నేరేడు పండ్లు 200 గ్రాములు.

మొత్తం ఐదు గుడ్లు. వాటిలో మూడింటిని రెండుగా విడదీస్తాము. పచ్చ ఒక పొరకు, తెలుపు మరొక పొరకు. ఏ భాగమూ మిగలదు.

కేకు తయారీ

ముందుగా చక్కెరలో నిమ్మ తురుము వేసి వేళ్లతో రెండు మూడు నిమిషాలు నలపండి. చక్కెర గరుకుదనానికి నూనె తిత్తులు పగిలి, ఆ నూనె చక్కెరకు పట్టుకుంటుంది. చక్కెర తడిసిన ఇసుకలా మారి, గది అంతా నిమ్మ వాసన నిండుతుంది. ఎసెన్సు సీసా చేయవలసిన పని ఈ ఒక్క అడుగులో పూర్తవుతుంది.

ఈ చక్కెరలో వెన్న కలిపి తెల్లబడేవరకు గిలకొట్టండి. గుడ్లు ఒక్కొక్కటిగా కలపండి. మైదా, బేకింగ్ పౌడరు, ఉప్పు కలిపి రెండుసార్లు జల్లించి, పెరుగుతో మార్చి మార్చి కలపండి. మైదా వేశాక ఎక్కువసేపు కలపరాదు. కేకు రబ్బరులా సాగుతుంది. వెన్న రాసి మైదా చల్లిన గిన్నెలో పోయండి.

ఓవెన్ ఉన్నవారు 170 డిగ్రీల సెల్సియస్ వద్ద 30 నుండి 35 నిమిషాలు ఉంచాలి. లేనివారు మందపాటి పాత దేగ్చీ తీసుకోండి. అడుగున రెండు గ్లాసుల ఉప్పు పరచి, దానిపై చిన్న స్టాండు పెట్టి, మూతతో పది నిమిషాలు వేడి చేయండి. పిండి గిన్నెను స్టాండు మీద ఉంచి, గట్టిగా మూతపెట్టి, సన్నని మంట మీద 40 నుండి 50 నిమిషాలు ఉంచండి. మొదటి అరగంట మూత తీయరాదు. సన్నని పుల్ల గుచ్చి తీస్తే పిండి అంటకుండా రావాలి. ఆ ఉప్పును పారవేయకండి. చల్లార్చి డబ్బాలో ఉంచితే తర్వాతి కేకులకూ అదే పనికి వస్తుంది.

నిమ్మ కస్టర్డ్

స్టీలు లేదా గాజు గిన్నెలో పచ్చసొనలు, చక్కెర, నిమ్మరసం కలపండి. అల్యూమినియం గిన్నె వద్దు. పులుపు తగిలి కస్టర్డ్‌కు లోహపు రుచి వస్తుంది. మరొక గిన్నెలో కొద్దిగా నీరు మరిగించి, నీటికి తగలకుండా ఆవిరి మీద ఈ గిన్నెను ఉంచి కలుపుతూ ఉండండి. ఎనిమిది పది నిమిషాలకు చిక్కబడి చెంచా వెనుక పూతలా నిలుస్తుంది. చెంచా మీద వేలితో గీత గీస్తే ఆ గీత కలిసిపోకూడదు. అప్పుడే దించి వెన్న కలపండి. నేరుగా మంట మీద పెడితే పచ్చసొన ముద్దలు కడుతుంది. జెలటిన్ లేకుండానే ఇది గట్టిపడటానికి కారణం పచ్చసొనలోని మాంసకృత్తులు. వేడికి అవి ఒకదానితో ఒకటి అల్లుకొని నీటిని పట్టి ఉంచుతాయి. చల్లారేకొద్దీ వెన్న బిగిసి ఇంకా చిక్కబడుతుంది.

నురుగు వెనుక శాస్త్రం

మెరాంగ్ అనే మాట 1692లో ఫ్రాన్సు వంటవాడు మాసియాలో ప్రచురించిన వంట పుస్తకంలో మొదటిసారి కనిపిస్తుంది. పేరు కొత్తదైనా, గుడ్డుతో తీపి చేయడం మన ఇళ్లకు కొత్త కాదు. అండే కా హల్వా రుచి ఎరుగని దస్తర్‌ఖాన్ మనలో అరుదు.

తెల్లసొనలో దాదాపు 90 శాతం నీరు, మిగిలినదానిలో చాలావరకు మాంసకృత్తులు. మామూలుగా ఈ మాంసకృత్తులు చుట్టలు చుట్టుకొని ఉంటాయి. గిలకొట్టినప్పుడు విచ్చుకొని, లోపలికి వచ్చిన గాలి బుడగల చుట్టూ సన్నని గోడలు కడతాయి. చమురు ఈ గోడలకు శత్రువు. పచ్చసొనలో కొవ్వు ఉంటుంది గనుక దాని బొట్టు కలిసినా నురుగు సరిగా లేవదు. అందుకే ఒక్కొక్క గుడ్డును ముందు చిన్న గిన్నెలో విడదీసి, శుభ్రంగా వచ్చిందని చూశాకే పెద్ద గిన్నెలో కలపాలి. ప్లాస్టిక్ గిన్నెలకు జిడ్డు పట్టి ఉంటుంది కనుక వాడరాదు. మజ్జిగ చిలికే చెక్క కవ్వం కూడా ఇందుకు పనికిరాదు; దాని పొరలలో వెన్న ఇంకి ఉంటుంది. రసం పిండిన నిమ్మచెక్కతో స్టీలు గిన్నె లోపల రుద్ది, పొడి గుడ్డతో తుడిస్తే జిడ్డు పోతుంది.

తెల్లసొనను పచ్చిగా తినడం క్షేమం కాదు. గుడ్లలో సాల్మొనెల్లా అనే సూక్ష్మజీవి ఉండే అవకాశం ఉన్నది. పసిపిల్లలకు, గర్భిణులకు, వృద్ధులకు అది ప్రమాదకరం. కనుక మెరాంగ్‌ను ముందే ఉడికించే పద్ధతిని మేము సూచిస్తున్నాము. పగుళ్లు లేని తాజా గుడ్ల తెల్లసొనలు, చక్కెర, నిమ్మరసం కలిపి ఆవిరి మీద పెట్టి ఆపకుండా కలపండి. ఇది 71 డిగ్రీల సెల్సియస్‌కు చేరాలి. వంటకు వాడే థర్మామీటరు ఒకటి కొని ఉంచుకోవడం మంచి పెట్టుబడి. ఇక్కడ వేలి అంచనా మీద ఆధారపడరాదు. ఆ వేడి అందాక దించి, హ్యాండ్ బీటరుతో ఎనిమిది పది నిమిషాలు గిలకొట్టండి. నురుగు తెల్లగా మెరుస్తూ, బీటరు ఎత్తినప్పుడు కొన నిటారుగా నిలవాలి. గిన్నె చల్లబడి ఉండాలి.

ఇందులో నిమ్మరసం పని ఏమిటి? గిలకొట్టడం హద్దు దాటితే మాంసకృత్తులు మరీ బిగిసిపోయి, మధ్యనున్న నీటిని బయటికి నెట్టివేస్తాయి. నురుగు విరిగిన పాలలా తరకలు కడుతుంది. పులుపు ఆ బిగింపును ఆపుతుంది. క్రీమ్ ఆఫ్ టార్టార్ చేసేది సరిగ్గా ఇదే పని. చక్కెర ఆ నీటిని పట్టి ఉంచి నురుగుకు బలాన్నిస్తుంది.

మూత మీద నిప్పులు

మెరాంగ్ అందం దాని మీది బంగారు రంగు మరకలలో ఉంది. దానికి పై నుండి వేడి కావాలి. ఓవెన్ ఉన్నవారు పై వేడి పెట్టి నాలుగైదు నిమిషాలలో దానిని తెస్తారు. ఓవెన్ లేని ఇంట ఏమి చేయాలి? ఈ సమస్యకు జవాబు మన ఇళ్లలో తరతరాలుగా ఉన్నది. బిర్యానీని దమ్ చేసేటప్పుడు దేగ్చీ మూత మీద నిప్పులు పోస్తాము కదా! పై వేడి అంటే అదే. గోవాలో బెబింకా అనే పొరల తీపి వంటకాన్ని కూడా సంప్రదాయంగా పై నుండి నిప్పుల వేడితోనే కాలుస్తారు.

చల్లారిన కేకు మీద కస్టర్డ్ పరచి, దానిపై మెరాంగ్‌ను చెంచాతో ఎత్తులు పల్లాలుగా అంచుల వరకు వేయండి. వెడల్పయిన పొడి దేగ్చీలో కేకును ఉంచండి. అడుగున మంట అవసరం లేదు. నురుగుకూ మూతకూ మధ్య నాలుగు వేళ్ల ఎడం ఉండాలి. బరువైన ఇనుప మూత పెట్టి, దానిపై ఎర్రగా రాజుకున్న బొగ్గులు పరచండి. నాలుగైదు నిమిషాలకు ఒకసారి మూత ఎత్తి చూడండి. కొనలు గోధుమ రంగుకు తిరగగానే తీయాలి. క్షణం ఆలస్యమైనా మాడుతుంది. మెరాంగ్ ముందే ఉడికినది గనుక ఈ కాల్చడం రంగు కోసమే. రంగు తక్కువైనా తినడానికి ఏ ఇబ్బందీ లేదు. ఈ పని ఆరుబయట, పెరట్లోనే చేయాలి. మూసిన గదిలో బొగ్గులు రాజేస్తే వెలువడే కార్బన్ మోనాక్సైడ్ ప్రాణాంతకం. పిల్లలను దూరంగా ఉంచాలి.

నేరేడు రంగు

నేరేడు పండ్లను కడిగి, తుడిచి, గింజ తీసి నిలువుగా చీల్చండి. వాటి మీద కొద్దిగా నిమ్మరసం చిలకరించి చూడమని పిల్లలను పిలవండి. ఊదా రంగు రసం వారి కళ్ల ముందే ఎర్రగా మెరుస్తుంది. నేరేడులోని ఆంథోసయనిన్ అనే రంగు పదార్థం పులుపు తగిలితే ఎరుపుకు, క్షారం తగిలితే నీలానికి తిరుగుతుంది. వేరే గిన్నెలో రెండు చుక్కల రసంలో చిటికెడు వంటసోడా వేస్తే ఆ రెండవ మార్పు కూడా చూడవచ్చు. రంగు సీసా అక్కరలేదని చెప్పడానికి ఇంతకన్నా మంచి పాఠం ఉండదు.

పండ్లను వడ్డించే ముందే కేకు మీద అమర్చాలి. ముందుగా పెడితే మెరాంగ్‌లోని చక్కెర పండ్ల నుండి నీటిని లాగి, నురుగు కరిగి కారుతుంది. వానకాలపు తేమను కూడా చక్కెర పీల్చుకుంటుంది. కనుక ఈ కేకు చేసిన రోజే తినవలసినది. నిలువ ఉంచాలనుకుంటే కేకు, కస్టర్డ్ ముందురోజు చేసి ఫ్రిజ్‌లో ఉంచి, మెరాంగ్ మాత్రం అతిథులు వచ్చే రోజున చేయండి.

పారవేయడానికి ఏమీ లేదు

వంట ముగిశాక గట్టు మీద ఏమి మిగిలిందో చూడండి. రసం పిండిన నిమ్మచెక్కలు ఉన్నాయి. గిన్నె రుద్దినదానిని పక్కన పెట్టి, మిగిలినవాటిని ముక్కలు కోసి ఉప్పులో ఊరవేస్తే వారం పది రోజులకు ఊరగాయకు సిద్ధమవుతాయి. గుడ్డు పెంకులను కడిగి, ఎండబెట్టి, నలిపితే కుండీలోని మొక్కలకు పనికివస్తాయి. నేరేడు గింజలను పెరట్లో నాటవచ్చు. ఎసెన్సు, రంగు సీసాల ఆదా చిన్నదే కావచ్చు. ఒక నిమ్మకాయ వాసన కేకుకు, పులుపు కస్టర్డ్‌కు, తొక్కు ఊరగాయకు పోయిందని పిల్లలు గమనించడం చిన్న విషయం కాదు. దుబారా తగదని నోటితో పదిసార్లు చెప్పడం కన్నా, వృథా లేకుండా సాగే ఒక్క వంటను వారి చేత చేయించడం ఎక్కువ పనిచేస్తుంది.

పొరుగింటి పళ్లెం

ఎనిమిది ముక్కల కేకు ఒక ఇంట్లోనే ముగియదు. పండుగనాడు షీర్ ఖుర్మా పంపినట్లే దీనిలో రెండు ముక్కలు గోడ అవతలి ఇంటికి వెళ్తాయి. అక్కడ ఒక బాధ్యత మన మీద పడుతుంది. తిరువూరు వీధులలో మన పొరుగున గుడ్డు ముట్టని కుటుంబాలు ఉంటాయి. శనివారం తినని వారుంటారు, వ్రతం రోజున తినని వారుంటారు. కేకును చూస్తే దానిలో ఐదు గుడ్లున్నాయని ఎవరికీ తెలియదు. పైనున్న తెల్లని నురుగును క్రీము అనే అనుకుంటారు.

బేకరీవారు తమ కేకులో ఏమి వేశారో దాచకుండా చెప్పాలని మనం కోరుకుంటాము. పొట్లం మీద అక్షరాలు ఇంకాస్త పెద్దవిగా ఉంటే బాగుండునని అనుకుంటాము. అదే న్యాయం మన పళ్లానికీ వర్తిస్తుంది. "పిన్నిగారూ, ఇందులో గుడ్డు పడింది, మీకు అభ్యంతరం లేకపోతేనే తీసుకోండి" అని పళ్లెం పట్టుకొని వెళ్లే పిల్లవాడికి నేర్పి పంపండి. వారు తినకపోతే ఆ గిన్నెలో నాలుగు నేరేడు పండ్లు పెట్టి ఇవ్వండి. "ఇది మనం తినవచ్చా?" అని అడగడం తెలిసిన పిల్లవాడు, "ఇది మీరు తినవచ్చునా?" అని ఎదుటివారిని అడగడం కూడా అలాగే నేర్చుకుంటాడు.